పక్షుల వేట: గూడొక ఊర, మేత యొక ఊర
(సంతబొమ్మాళిలో పంచాయతీ సభ్యుల సమావేశమున చేసిన ప్రసంగ పాఠము)



పక్షుల వేటను గూర్చి నాలుగు మాటలు చెప్పవలసినదని మమ్ములను ఆహ్వానించినారు. సభ ఆరంభమగుటకు ముందే ఒక సభ్యులు మమ్ములను చెట్టుక్రిందికి పిలిచి, "మంచినీళ్ళున్నాయి, రోడ్లున్నాయి, ఉద్దానంలో కిడ్నీ జబ్బు ఉంది. ఇవన్నీ వదిలి ఈ పిట్టల గోల మాకెందుకు బాబూ?" అని అడిగినారు. ప్రశ్న న్యాయమైనది. మేము వ్రాసి తెచ్చుకొన్న ఉపన్యాసములో దీనికి జవాబు లేకపోయినది. కావున ఆ కాగితములను సంచిలోనే ఉంచి, ఆ ప్రశ్ననుండియే మొదలుపెట్టుచున్నాము.

తేలినీలాపురము మీకు క్రొత్త ఊరు కాదు. టెక్కలికి కొలది దూరమున ఉన్న ఆ గ్రామములో ఏటేట వర్షాకాలము చివరను గూడబాతులును, ఎర్రకాళ్ళ కొంగలును వచ్చి, ఇండ్ల నడుమనున్న చింతచెట్లపై గూళ్ళు కట్టి, పిల్లలను లేవదీసి, వేసవి ముఖము పట్టగానే వెడలిపోవును. ఆ ఊరివారు వానిని తరిమివేయరు. రెట్టల కంపును, రాత్రివేళ పిల్లల కూతలను ఓర్చుకొందురు. పక్షులు వచ్చిన యేడు ఊరికి మేలు జరుగునని పెద్దల నమ్మకము. ఇంత గౌరవము పొందిన పక్షి మన జిల్లాలో మరియొకటి లేదేమో!

అయితే ఆ పక్షి తినునదెక్కడ? చింతచెట్టుపై చేపలు కాయవు. గూడబాతుకు దినమునకు కిలోకు అటు ఇటుగా చేప కావలెను. గూట పిల్లలున్నప్పుడు ఇంకను ఎక్కువ కావలెను. అందుకొరకు అది తెల్లవారగనే లేచి నౌపడ తంపరకును, ఉప్పు మళ్ళ ప్రక్క మడుగులకును, చెరువులకును, తీరపు పాయలకును వచ్చును. అనగా మీ మండలమునకు వచ్చును. గూడొక పంచాయతీలో ఉన్నది, మేత వేరు పంచాయతీలలో ఉన్నది. తేలినీలాపురమువారు చెట్టుక్రింద ఎంత కావలి కాచినను, ఇచట మడుగు గట్టున ఒక్క తల్లిపక్షి వలలో పడినచో అచట గూటిలోని పిల్లలు ఆకలితో చచ్చును. వేట జరిగినట్లు ఆ ఊరివారికి తెలియనే తెలియదు. ఒకనాటి ఉదయము చెట్టు మొదట రెండు పిల్లలు పడియుండును, అంతే. మీకెందుకని అడిగిన సభ్యులకు మా మొదటి జవాబు ఇదియే.

ఇచట మా తప్పొకటి ఒప్పుకొనవలెను. ఈ గూడబాతులు సైబీరియానుండి వచ్చునని మేమును సభలలో చెప్పితిమి, కరపత్రములలో వ్రాసితిమి. అది సరికాదు. మచ్చల ముక్కుగల ఈ గూడబాతు మన దేశపు పక్షియే. దక్షిణ భారతమునను, సింహళమునను, ఇంకను తూర్పున కంబోడియాలోను గూళ్ళు కట్టును. ఇతర కాలములలో మేతకొరకు దేశములో తిరుగును. ఎర్రకాళ్ళ కొంగయు అట్టిదే. నిజముగ ఉత్తర దేశములనుండి హిమాలయములు దాటి వచ్చునవి శీతకాలమున తంపరలో దిగు సూదితోక బాతులును, కొన్ని పరజలును, బురదలో ముక్కు గ్రుచ్చి తిరుగు ఉల్లంకులును. ఈ భేదము పండితులకు మాత్రమే కావలసినది కాదు. "అవి పరదేశపు పక్షులు, ఈ యేడు పోయినను మరుసటి యేడు అక్కడనుండి ఇంకొక గుంపు వచ్చును" అను ధైర్యము సైబీరియా మాటవలననే జనులలో కలిగినది. గూడబాతుకు వెనుకనుండి పంపువారెవ్వరును లేరు. ఇచట పుట్టినదే ఇచట గూడు కట్టవలెను.

ఇక వేట మాటకు వత్తము. వేటలన్నియు ఒకటి కావు. ఉద్దానపు జీడితోటలలో పూరేడు పిట్టకును, కౌజు పిట్టకును ఉచ్చులు పన్నుదురు. పంజరములోని దీమపు పిట్ట కూయగనే అడవి పిట్టలు వచ్చి చిక్కుకొనును. తంపరలో చీకటివేళ వలలు కట్టి పరజలను పట్టుదురు. కొందరు గింజలలో మందు కలిపి చల్లుదురు. ఇది అన్నింటికంటె నీచమైన పని. ఆ పిట్టను కొని వండుకొన్న ఇంటివారికిని ఆ మందు అపాయమే. పట్టణమునుండి కారులో తుపాకితో వచ్చు వేడుకకాండ్రును లేకపోలేదు. పిల్లల చేతి ఉండేలును ఈ జాబితాలో చేర్చమని మాతో వచ్చిన ఉపాధ్యాయులొకరు చెప్పినారు. చేర్చుచున్నాము గాని, దానికొరకు పిల్లవానిని పోలీసు ఠాణాకు పంపవలెనని మేమనము.

పూరేడు పిట్ట ఒక్కసారికి ఆరేడు గుడ్లు పెట్టును. దాని పిల్ల కొలది నెలలలోనే పెద్దదగును. కావున కొంత వేటను అది తట్టుకొని నిలువగలిగినది. గూడబాతు లెక్క వేరు. అది మూడు నాలుగు గుడ్లు పెట్టును. పొదుగుటకు ఒక నెల పట్టును. పిల్ల రెక్కలు వచ్చి గూడు విడుచుటకు మరి మూడునుండి ఐదు నెలలు పట్టును. పెట్టిన గుడ్లన్నియు పిల్లలు కావు, పిల్లలన్నియు బ్రతుకవు. బ్రతికినది తాను గుడ్లు పెట్టుటకు రెండేండ్లు నిండవలెను. ఇట్టి పక్షిని తీసివేయుట సులభము, మరల నింపుట కష్టము. ఏడాదికొకసారి ఈను గేదెను అమ్మినవానికిని, కోడిని అమ్మినవానికిని గల నష్టభేదము మీకు మేము చెప్పనక్కరలేదు.

దీనికి తోడు వేటతో నిమిత్తము లేని గండములు కలవు. 2018 అక్టోబరు 11 తెల్లవారుజామున తీరము దాటిన తిత్లీ తుపాను ఉద్దానమును ఏమి చేసినదో మీరు కన్నులార చూచినారు. జీడి, కొబ్బరి చెట్లు నేలకూలినచోట పిట్టలకు మాత్రము నీడ యెక్కడిది? 2021 డిసెంబరు చివరను, 2022 జనవరిలోను తేలినీలాపురమున నూటికి పైగా గూడబాతులు చనిపోయినవి. వానిని చంపినది వేటగాడు కాదు. తిన్న చేపల ద్వారా కడుపులో చేరిన ఏలికపాములవంటి పురుగులు. ఆ పాపము మనది కాదని ఊరకుండవచ్చును. కాని ఒక్క శీతకాలములో నూరు పక్షులు పోయిన గుంపులోనుండి వలవాడు తీయు పదియును సామాన్యమైన పది కాదు.

మన తాతలు పనులకొరకు రంగము వెళ్ళిన కథలు ఈ తీరమున ఇంటింట వినవచ్చును. ఆ బర్మా దేశములోనే సిత్తాంగ్ నది మైదానమున 1877లో గూడబాతుల గూళ్ళను చూచిన ఓట్స్ అను ఆంగ్లేయుడు, అచటి అడవి చెట్లపై అవి లెక్కకు మించి ఉన్నవని వ్రాసెను. ఆ మహాసమూహము ఇరువదవ శతాబ్దపు నడిమి కాలమునకు మాయమైనది. మన రాష్ట్రముననే కొల్లేటి ప్రాంతమున ఆరేడు అను గ్రామములో కె.కె. నీలకంఠన్ అను పక్షిశాస్త్రజ్ఞులు 1946లో గూడబాతుల గూళ్ళను కనుగొనిరి. ఆ గూళ్ళు నేడు లేవు. "ఇన్ని ఉన్నవి, తరుగునా?" అనుమాట ఆ దినములలో ఆ ఊళ్ళవారును అనియే యుందురు.

పెద్దవారి వేటను గూర్చి చెప్పకుండ పేదవాని వలను గూర్చి చెప్పుట మాకు న్యాయముగ తోచదు. 1938 నవంబరు 12న రాజస్థానములోని భరత్‌పూరు మడుగుల వద్ద అప్పటి వైస్రాయి లిన్‌లిత్‌గో ప్రభువును, ఆయన అతిథులును ఒక్క దినములో 4,273 పక్షులను కాల్చిరి. అది ఘనకార్యమనుకొని రాతిపై చెక్కించిరి. ఆ రాయి నేటికిని అచటనే ఉన్నది. అట్టి వేటలు మన దేశమున అనేకము జరిగినవి. గులాబి రంగు తలగల బాతొకటి బీహారు, వంగదేశపు చిత్తడి నేలలలో ఉండెడిది. దాని మాంసమునకు గొప్ప రుచి లేదని వేటగాండ్రే చెప్పుచు, కాల్చుట మాత్రము మానలేదు. నేలలును సాగులోనికి పోయినవి. 1935లో దర్భంగా వద్ద కాల్చిన దాని తరువాత ఈ దేశమున ఆ బాతు నిస్సందేహముగ కానరాలేదు.

చట్టములు లేకపోలేదు. 1912 నాటి చట్టము కొన్ని పక్షులకు వేట నిషేధకాలమును నిర్ణయించు అధికారమును ఇచ్చినది. పిల్లల కాలములో మానుడు, తక్కిన కాలములో కాల్చుడు అనునది దాని సారము. 1972 నాటి వన్యప్రాణి సంరక్షణ చట్టము గట్టిదే అయినను, మొదట అదియు లైసెన్సుపై చిన్న వేటకు చోటు ఉంచినది. లైసెన్సు ఒక పక్షికి, చచ్చునవి పది. కాగితముపై ఒక జాతి, సంచిలో నాలుగు జాతులు. చీకటిలో వలలో పడినది ఏ పరజయో ఎవడు పరీక్షించును? 1991లో చట్టమును సవరించి వేట లైసెన్సుల పద్ధతిని తొలగించిరి. నాటినుండి వినోదమునకు గాని, విక్రయమునకు గాని అడవి పక్షిని పట్టు అనుమతి ఎవరికిని లేదు. దొరకును లేదు, కూలికిని లేదు.

"వేట" అను మాటకు ఆ చట్టము చెప్పిన అర్థమును సభ్యులు శ్రద్ధగ వినవలెను. చంపుట మాత్రమే వేట కాదు. విషము పెట్టుట, ఉచ్చు పన్నుట, వల వేయుట, ఎర చూపి పట్టుట, తరుముట, గాయపరచుట అన్నియు వేటయే. అడవి పక్షుల విషయములో గుడ్లను పాడుచేయుట, గుడ్లనుగాని గూళ్ళనుగాని కదల్చుట కూడ వేటయే. చెట్టెక్కి గుడ్లు దింపిన కుర్రవాడును, గూళ్ళున్న కొమ్మను నరికించిన ఆసామియు తాము వేటాడితిమని అనుకొనరు. చట్టము అనుకొనును. 2022 సవరణ తరువాత సాధారణముగ మూడేండ్లవరకు జైలు, లేక లక్ష రూపాయలవరకు జరిమానా, లేక రెండును పడవచ్చును. మొదటి షెడ్యూలులోని జాతులకైతే మూడేండ్లకు తక్కువ కాకుండ ఏడేండ్లవరకు జైలును, ఇరువదియైదు వేలకు తక్కువ కాని జరిమానాయు విధింతురు.

ఇంతవరకు చెప్పి ఊరకున్నచో, ఇందాక మమ్ములను అడిగిన సభ్యులు మరల లేచి, "పండుగకు రెండు పరజలు పట్టుకొన్న కూలివాడు జైలుకు పోవునా?" అని అడుగుదురు. ఒక గ్రామమున నిజముగనే అట్లు అడిగినారు. అంతటితో ఆగలేదు. "తుపాకి కారు వచ్చినప్పుడు దానికి దారి చూపినవాడు ఈ సభలోనే ఉన్నాడు, ఆయన పేరు చెప్పమందురా?" అన్నారు. సభ నిశ్శబ్దమైనది. మేమును ఏమియు చెప్పలేకపోతిమి. ఆ రాత్రి బస్సులో తిరిగి వచ్చుచు ఆలోచించితిమి. పొట్టకొరకు వల వేసినవానితో మాట్లాడుటకును, ఏడాదిపొడవున అతనికి వేరు పని చూపుటకును పంచాయతీకి వీలున్నది. కాని కారుకు దారి చూపువానిని ఆపకుండ వలవానిని మాత్రము పట్టించిన పంచాయతీ మాటను ఏ కూలివాడును లెక్కచేయడు. మొదట ఆపవలసినది ఆ కారును.

తుపాకి చేయు చెరుపు పడిన పక్షితో తీరదు. గుండులోని సీసపు రవ్వలు చాలవరకు నీటి అడుగున బురదలో చేరును. బాతులు మేత అరుగుటకై చిన్న రాళ్ళను మ్రింగుట వాని స్వభావము. రాళ్ళతోపాటు రవ్వలను మ్రింగిన బాతు సీసపు విషమెక్కి రెక్కలు వ్రేలవేసి చచ్చును. కాల్చినవాడు ఊరు చేరిన ఎన్నో మాసములకును అతని తుపాకి చంపుచునే యుండునన్నమాట.

రొయ్యల చెరువుల రైతులును ఈ సభలో కొందరు ఉన్నట్లున్నారు. వారి బాధ వేరు. కొంగలు రొయ్యలను తినుటయేగాక, ఒక చెరువు తెగులును మరియొక చెరువునకు మోసుకొనిపోవునని వారి భయము. చెరువుపై దారములు లాగుట, మందుగుండు కాల్చుట అందుచేతనే. మేము వారిని తప్పుపట్టము. లక్షల అప్పు తెచ్చి పెట్టుబడి పెట్టినవానితో పక్షుల అందమును గూర్చి మాట్లాడుట అవివేకము. అయితే కంటికి కానరాని సన్నని నైలాను దారమునకు తగిలిన పక్షి రెక్క తెగి చెరువులోనే పడి కుళ్ళును. తెగులును భయపడువానికి అది లాభమా? కంటికి కనబడునట్టి లావు దారమును గాని, రంగు పీలికలు కట్టిన దారమును గాని లాగినచో పక్షి దూరమునుండియే చూచి తప్పుకొనును. రైతునకు కావలసినది అది రాకుండుటయే గదా! గూళ్ళున్న చెట్ల సమీపమున మాత్రము మందుగుండు కూడదు.

ఊరివారు తలచుకొన్నచో ఏమగునో చెప్పుటకు దూరపు ఉదాహరణ మొకటి, దగ్గరది యొకటి కలవు. నాగాలాండు రాష్ట్రములో దోయాంగు జలాశయము వద్ద పాంగ్టీ అను గ్రామమున్నది. ఏటేట అక్టోబరు, నవంబరు మాసములలో అముర్ డేగలను చిన్న డేగలు వేలకు వేలుగ ఆఫ్రికాకు పోవుచు అచట దిగును. జలాశయములో పొలములు మునిగిన ఆ ఊరివారు చేపల వలలనే చెట్ల నడుమ కట్టి వానిని పట్టి అమ్ముకొనుచుండిరి. 2012లో ఒక్క ఋతువున లక్షకు పైగా డేగలు పోయినవని అంచనా వేసిరి. మరుసటి యేడు, 2013లో, ఆ గ్రామమండలులే కూర్చుండి నిషేధము విధించి, మీరినవానికి జరిమానా పెట్టిరి. వలలు దిగినవి. పోలీసులు చుట్టుముట్టి చేయించిన పని కాదది. పొట్టకొరకు పట్టువారే మానిరి. ఆ డేగలను చూచుటకు నేడు పరదేశములనుండియు జనులు ఆ ఊరికి వచ్చుచున్నారు.

దగ్గరది గుంటూరు ప్రక్క ఉప్పలపాడు. అచటి ఊరి చెరువులలోని చిన్న దిబ్బలపైనున్న తుమ్మచెట్లపై గూడబాతులును, ఎర్రకాళ్ళ కొంగలును చేరినవి. ఊరివారు వానికి అడ్డు చెప్పలేదు. చెట్లు చాలనిచో వాలుటకు ఇనుప కొమ్మలను కూడ నిలబెట్టిరి. ఇంకను పాతది కావలెనన్నచో తమిళదేశములోని వేడంతాంగళ్ కలదు. చెరువులోని పక్షులను సిపాయిలు కాల్చుచున్నారని రైతులు మొరపెట్టుకొనగా 1798లో కలెక్టరు లయొనెల్ ప్లేసు కాల్పులు కూడదని వారికి పట్టా వ్రాసి యిచ్చెనని చెప్పుదురు. రెట్ట కలిసిన ఆ చెరువునీరు పైరుకు ఎరువని ఆ రైతులకు తెలియును. ఆ సంగతి వారికి ఏ ప్రచార శాఖయు చెప్పలేదు!

తంపర నేలల ఉపయోగమును గూర్చి 2010, 2011 సంవత్సరములలో సోంపేట బీలయందును, ఈ మండలములోని కాకరాపల్లియందును జరిగిన ఘోరములు మీరు మరచినవి కావు. ఆ వివాదము ఈ ఉపన్యాసమునకు మించినది. ఒక్కమాట మాత్రము చెప్పి విడుతుము. నీరు లేనిచో వేటను నిషేధించియు ప్రయోజనము లేదు. నిషేధింపవలసిన పక్షియే ఉండదు.

మీ చేతిలోనున్న అధికారములు తక్కువవి కావు. 2002 నాటి జీవవైవిధ్య చట్టము ప్రకారము ప్రతి స్థానిక సంస్థయు జీవవైవిధ్య యాజమాన్య సంఘమును ఏర్పరచి, ఊరిలోని చెట్టు చేమల, పక్షి జంతువుల వివరములతో ఒక పుస్తకము సిద్ధము చేయవలెను. చాల ఊళ్ళలో ఆ సంఘము కాగితముపై ఉన్నది. పుస్తకములో ఏమున్నదో సభ్యులకు తెలియదు. తెప్పించి చదువుడు. ఏ చెరువులో ఏ నెలలో ఏ పక్షి దిగునో మీ ఊరి జాలరికి, పశువుల కాపరికి తెలిసినంత మాకు తెలియదు. అది వారిచేతనే చెప్పించి వ్రాయించవలెను. వన్యప్రాణి చట్టములోనే, గ్రామస్థులు తామై ముందుకు వచ్చినచో వారి భూములను సామూహిక సంరక్షణ ప్రదేశముగ రాష్ట్ర ప్రభుత్వము ప్రకటించు వీలున్నది. దానివలన భూమి యాజమాన్యము మారదు గాని, భూమి వాడుకకు కొన్ని కట్టుబాట్లు వచ్చును. వానిని గ్రామసభలో చదివి వినిపించకుండ మాత్రము ఎవ్వరిచేతను సంతకములు చేయించవలదు.

చింతచెట్ల సంగతి యొకటి మిగిలినది. గూళ్ళలో పిల్లలు పెరుగు కాలమును, చింతపండు దులుపు కాలమును ఒకదానిపై ఒకటి పడును. చెట్టు యజమాని పక్షుల కొరకు పండును వదలుకొన్నచో ఆ నష్టము ఆయన ఒక్కరిదే అగుచున్నది. మంచిపేరు మాత్రము జిల్లా అంతటిది. ఇది మాకు బొత్తిగ నచ్చదు. పంచాయతీ నిధులనుండి గాని, చుట్టుప్రక్కల పంచాయతీలు కలిసి గాని ఆ యజమానికి కొంత ముట్టజెప్పు పద్ధతిని గ్రామసభ ఆలోచింపవలెను. ఉన్న చెట్లు ముసలివగుచున్నవి కావున క్రొత్త చింతమొక్కలను నేడే నాటవలెను. చింత గూడు కట్టదగినంత ఎదుగుటకు ఎన్ని యేండ్లు పట్టునో మీకు తెలియనిది కాదు.

పక్షులు దిగుటకు ముందే, భాద్రపద మాసములో, తంపర చుట్టునున్న పంచాయతీలును, తేలినీలాపురము పంచాయతీయు ఒకచోట కూర్చుండవలెనని మా కోరిక. అటవీ శాఖవారిని, జాలరి పెద్దలను, రొయ్యల రైతులను, పరజలు పట్టువారిని కూడ పిలువుడు. ముఖ్యముగ పట్టువారిని పిలువుడు. వారు లేని సమావేశము వ్యర్థము. ఎచట వలలు కట్టకూడదో, తుపాకి కారు వచ్చినచో ఎవరు ఎవరికి కబురు చేయవలెనో ఆ దినముననే నిర్ణయించి తీర్మానము వ్రాసికొనుడు. ఇందాక చెట్టుక్రింద ప్రశ్న వేసిన సభ్యులు ఆ సమావేశమునకు తమ ఊరి బడి ఆవరణ యిత్తుమని మాకు చీటి పంపినారు. తేదీ నిర్ణయించి తెలిపినచో మేమును వచ్చి వెనుక వరుసలో కూర్చుందుము.